తలబాత్ నుంచి రెడ్‌బస్ దాకా: కొట్టు లేని వ్యాపారం

(రేడియో ప్రసంగ పాఠం)



ఈ కార్యక్రమం విని ఫోన్ చేసేవాళ్ళు నన్ను తరచుగా అడిగే ప్రశ్న ఒకటుంది. "ఇంటర్నెట్‌లో వ్యాపారం పెట్టి వాళ్ళు ఇంత గడించారు, వీళ్ళు అంత గడించారు అని వింటూంటాం. మనం కూడా ఏదైనా మొదలుపెట్టొచ్చా బాబూ?" అని. అడిగేవాళ్ళు కుర్రాళ్ళు కారు. పదిహేనేళ్ళు, ఇరవయ్యేళ్ళు కువైట్‌లో ఉద్యోగం చేసి, పిల్లల్ని చదివించి, ఊళ్ళో ఇల్లు కట్టి, ఇక తిరుగు ప్రయాణం గురించి ఆలోచిస్తున్నవాళ్ళు. ఒకాయన అయితే పద్ధెనిమిదేళ్ళ సర్వీసుకి వచ్చే ఇండెమ్నిటీ డబ్బు మొత్తం ఒక యాప్ తయారీకి పెడదామనుకుంటున్నారట. యాప్ దేనికండీ అంటే, "అది తరవాత చూసుకుందాం, ముందు యాప్ ఉండాలి కదా" అన్నారు.

ఆయనకి ఫోన్‌లో ఏదో చెప్పాను గానీ నాకే తృప్తి కలగలేదు. ఐదు నిమిషాల్లో తేలే విషయం కాదది. అందుకని ఇవాళ కాస్త వెనక్కి వెళ్ళి, ఇంటర్నెట్ కొత్తగా వచ్చిన రోజుల్లో వ్యాపారం మొదలుపెట్టినవాళ్ళు అసలు ఏం చేశారో, ఇంటర్నెట్ వాళ్ళకి ఇచ్చిందేమిటో, ఇవ్వనిదేమిటో చెప్తాను. ముఖ్యంగా రెండు కథలు. ఒకటి మనం ఉంటున్న ఈ కువైట్‌లో పుట్టింది. రెండోది మన తెలుగు కుర్రాళ్ళది.

ముందు కువైట్ సంగతి. 1990 ఆగస్టు 2న ఇరాక్ సైన్యం ఈ దేశం మీద పడింది. 1991 ఫిబ్రవరి చివరికి విముక్తి వచ్చింది. తగలబడుతున్న చమురు బావులన్నీ ఆర్పేసరికి ఆ ఏడాది నవంబరు అయింది. ఆ మరుసటి ఏడే, అంటే 1992లో, కువైట్ అంతర్జాతీయ ఇంటర్నెట్‌కి కలిసింది. మన దేశంలో వి.ఎస్.ఎన్.ఎల్. మామూలు జనానికి ఇంటర్నెట్ కనెక్షన్లు ఇవ్వడం మొదలుపెట్టింది 1995 ఆగస్టు 15న. యుద్ధం నుంచి అప్పుడే లేచిన చిన్న దేశం అంత త్వరగా అటు అడుగేసిందంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే.

నిజానికి కంప్యూటర్ల మీద ఇక్కడివాళ్ళ ఆసక్తి అంతకన్నా పాతది. 1982లో ముహమ్మద్ అల్ షారెఖ్ అనే కువైటీ 'సఖ్ర్' అనే సంస్థ పెట్టి కంప్యూటర్‌కి అరబ్బీ నేర్పే పని మొదలుపెట్టారు. కుడి నుంచి ఎడమకి రాసే లిపి, పక్కన ఏ అక్షరం ఉందో దాన్నిబట్టి రూపం మారే అక్షరాలు. ఇంగ్లీషు కోసం చేసిన యంత్రంలో అవి ఇమడవు. మన గుణింతాలు, ఒత్తులు కంప్యూటర్‌లోకి తేవడానికి మనవాళ్ళు పడ్డ పాట్లు తెలిసినవాళ్ళకి ఆ బాధ వేరే చెప్పనక్కర్లేదు. 1990 దాడి తరవాత సఖ్ర్ కైరోకి తరలిపోయింది. అల్ షారెఖ్ 2024లో కన్నుమూశారు. ఇంటర్నెట్ రాకముందే "మన భాషకి, మన జనానికి ఇక్కడ లేనిది ఏమిటి?" అని వెతికిన మనిషి కాబట్టి ఆయన పేరు చెప్పకుండా ముందుకి పోబుద్ధి కాలేదు.

ఇక తలబాత్. నారింజ రంగు డబ్బాలు పెట్టుకుని తిరిగే మోటార్‌సైకిళ్ళు చూడనివాళ్ళు మనలో లేరు. అరబ్బీలో 'తలబాత్' అంటే 'ఆర్డర్లు' అనే అర్థం. 2004లో అబ్దుల్ అజీజ్ అల్ లొఘానీ అనే యువకుడు, మరికొందరు కలిసి కువైట్‌లో మొదలుపెట్టారు. అప్పటికి ఇప్పటిలాంటి స్మార్ట్‌ఫోన్లూ లేవు, యాప్‌లూ లేవు. ఉన్నది ఒక వెబ్‌సైటు మాత్రమే.

ఆ రోజుల్లో భోజనం ఇంటికి తెప్పించుకోవడం ఎలా ఉండేదో పాతవాళ్ళని అడగండి. రెస్టారెంట్ల కాగితాలు తలుపు కింద నుంచి తోసి వెళ్ళేవాళ్ళు. వంటింట్లో ఒక సొరుగు నిండా అవే. ఫోన్ చేస్తే ఎంగేజ్. దొరికితే అవతల ఒక మలయాళీ అబ్బాయి, ఇవతల ఒక తెలుగాయన, మధ్యలో వచ్చీరాని హిందీ, ఇంగ్లీషు, అరబ్బీ. ఆర్డరు సగం అర్థమయ్యేది. ఆ తరవాత అసలు పరీక్ష, అడ్రసు. కువైట్ అడ్రసు అంటే ఏరియా పేరు, బ్లాకు నంబరు, వీధి నంబరు, ఉంటే జాదా నంబరు, బిల్డింగ్, అంతస్తు, ఫ్లాట్. అన్నీ అంకెలే. నాలుగో బ్లాకు రెండో వీధి అని మనం చెప్తే అతను రెండో బ్లాకు నాలుగో వీధి అని రాసుకుంటాడు. బిర్యానీ ఇంకెవరింటికో వెళ్ళి నిలబడుతుంది. ఇలా ప్రతిసారీ, ప్రతి రెస్టారెంటుకీ మళ్ళీ మొదటి నుంచీ చెప్పుకోవాలి.

తలబాత్ చేసింది వినడానికి చాలా చిన్న పని. సొరుగులో ఉన్న కాగితాలన్నీ ఒక చోట పెట్టింది. అడ్రసు ఒక్కసారి రాసిపెట్టుకుంటే చాలు, మళ్ళీ చెప్పనక్కర్లేదు. ఏం కావాలో నొక్కితే ఆర్డరు రాతపూర్వకంగా రెస్టారెంటుకి చేరుతుంది. చెప్పేవాడి యాస, వినేవాడి చెవి, ఈ రెండిటితోనూ పని లేదు. వంట రెస్టారెంటుదే, కుర్రాడూ బండీ రెస్టారెంటువే. మొదటి రోజుల్లో తలబాత్‌కి పొయ్యి లేదు, బండి లేదు. మన పెద్దవాళ్ళు "చెట్టు పేరు చెప్పి కాయలమ్ముకోవడం" అని కొంచెం తేలిగ్గా తీసిపారేస్తారే, సరిగ్గా అదే వ్యాపారం. కాకపోతే చెట్టు ఎక్కడుందో తెలియక జనం తిరుగుతున్నప్పుడు పేరు చెప్పడం కూడా పనే.

తరవాతి కథ టూకీగా చెప్తాను. 2010లో ముహమ్మద్ జాఫర్ అనే మరో కువైటీ దాన్ని కొని మిగతా గల్ఫ్ దేశాలకి విస్తరించారు. 2015 ఫిబ్రవరిలో జర్మనీకి చెందిన రాకెట్ ఇంటర్నెట్ 15 కోట్ల యూరోలకి కొన్నది. మరుసటి ఏడాది చివర్లో అది డెలివరీ హీరో చేతికి వెళ్ళింది. 2024 డిసెంబరులో దుబాయ్ స్టాక్ మార్కెట్లో వాటాలు అమ్మితే దాదాపు 200 కోట్ల డాలర్లు వచ్చాయి. ప్రధాన కార్యాలయం ఇప్పుడు కువైట్‌లో లేదు, దుబాయ్‌లో ఉంది. 2004లో మొదలుపెట్టిన అల్ లొఘానీ 2017లో ఫ్లవర్డ్ అని పూల వ్యాపారం పెట్టి మళ్ళీ నిలదొక్కుకున్నారు. పెద్ద బేరం కుదిరేనాటికి తలబాత్ నడుపుతున్నది జాఫర్. తలుపు తెరిచిన మనిషి వేరు, ఇల్లు కట్టిన మనిషి వేరు కావచ్చు. పత్రికల్లో వచ్చే విజయగాథలు ఈ తేడా చెప్పవు, ఒకే మనిషి ఒక రాత్రి కల కని పొద్దున్నే కోటీశ్వరుడైనట్టు రాస్తాయి.

సరే, రెండో కథ. ఇది మన బస్సులది.

2005 దీపావళి. బెంగుళూరులో టెక్సాస్ ఇన్‌స్ట్రుమెంట్స్‌లో పనిచేస్తున్న ఫణీంద్ర సామ అనే తెలుగు ఇంజనీరు పండక్కి ఇంటికి బయల్దేరాడు. హైదరాబాదు బస్సుకి టికెట్ కోసం ఒక ఏజెంటు దగ్గరికి వెళ్తే లేదన్నాడు. ఇంకో ఏజెంటు దగ్గరికి వెళ్తే అక్కడా లేదు. చివరి బస్సులు వెళ్ళిపోయాయి, పండగ బెంగుళూరులోనే గడిచింది. ఇది బెంగుళూరులో ఉన్న ప్రతి తెలుగువాడికీ ఎప్పుడో ఒకప్పుడు జరిగినదే. నేనూ అక్కడ చదువుకున్నవాణ్ణే. పండగ ముందు రోజు మడివాలలో బ్యాగు భుజాన వేసుకుని ఒక్కో ట్రావెల్స్ బల్ల ముందు నిలబడి, "రెండు వందలు ఎక్కువిస్తే వెనక సీటు చూస్తా" అనే మాట వినడం బాగా గుర్తు. మనమంతా తిట్టుకుని ఊరుకున్నాం. ఫణీంద్ర మాత్రం ఒక ప్రశ్న వేసుకున్నాడు. ఈ ఏజెంటు దగ్గర టికెట్ లేదు సరే, ఊళ్ళో ఇంకెక్కడా ఖాళీ సీటు లేదని ఇతనికెలా తెలుసు?

తెలియదు. అదే అసలు విషయం. ప్రైవేటు బస్సు నడిపే యజమాని తన సీట్లని ఏజెంట్లకి పంచుతాడు, ఇతనికి నాలుగు, అతనికి ఆరు అని. ఎవరి సీట్లు ఎవరు అమ్మారో కాగితం మీద గళ్ళు గీసిన చార్టులో రాసుకుంటారు. ఏజెంటు ఫోన్ చేస్తాడు, యజమాని ఆఫీసులో ఉన్నవాడు గడిలో పేరు రాస్తాడు. ఒక ఏజెంటు దగ్గర జనం తన్నుకుంటూంటే నాలుగు వీధుల అవతల ఇంకో ఏజెంటు చేతిలో రెండు సీట్లు అలాగే మిగిలిపోవచ్చు. బస్సు ఖాళీ సీట్లతో కదలొచ్చు, మనిషి రోడ్డు మీద మిగలొచ్చు. తిరుగు ప్రయాణం టికెట్ సంగతి ఇక అడగొద్దు, హైదరాబాదులో బస్సు ఎక్కడానికి బెంగుళూరు ఏజెంటు ఏం చెప్తాడు?

ఫణీంద్రతో పాటు బిట్స్ పిలానీలో కలిసి చదువుకున్న సుధాకర్ పసుపునూరి, చరణ్ పద్మరాజు జత కలిశారు. ముగ్గురూ మంచి కంపెనీల్లో ఉద్యోగాల్లో ఉన్నవాళ్ళే. ముందు వాళ్ళు చేసింది ఇంజనీర్లంతా చేసేదే, సాఫ్ట్‌వేర్ రాశారు. బస్సు యజమానులు ఇది వాడితే సీట్లన్నీ ఒక చోట కనిపిస్తాయి అని తీసుకెళ్ళి చూపించారు. ఎవరూ తీసుకోలేదు. యజమాని వైపు నుంచి ఆలోచిస్తే అదేమీ మూర్ఖత్వం కాదు. ఆయన చార్టు, ఫోన్, గుమాస్తా కలిసి ఇరవయ్యేళ్ళుగా పని జరుపుతున్నాయి. తన సీట్ల లెక్క బయటివాడి కంప్యూటర్‌లో ఎందుకు పెట్టాలి?

అప్పుడు 'టై' అనే పారిశ్రామికవేత్తల సంఘంలో పెద్దలు వీళ్ళకి దారి చూపించారు. సాఫ్ట్‌వేర్ అమ్మడం మానేసి మీరే టికెట్లు అమ్మండి, ఆయనకి గిరాకీ తెచ్చి చూపించండి అని. అంటే వీళ్ళూ ఇంకో ఏజెంటు అయ్యారు. కొద్దిమంది యజమానులు కొన్నేసి సీట్లు ఇచ్చారు. 2006 ఆగస్టులో రెడ్‌బస్ మొదటి టికెట్ అమ్మింది. ఐటీ కంపెనీల బయట నిలబడి ఉద్యోగులకి కార్డులు పంచారు. కంప్యూటర్ సైన్సు ఎంతుందో, కాళ్ళరిగేలా తిరగడం అంతకన్నా ఎక్కువుంది ఆ కథలో. 2007లో సీడ్‌ఫండ్ అనే సంస్థ పెట్టుబడి పెట్టింది. గిరాకీ పెరిగాక, మొదట్లో వద్దన్న పనే, అంటే యజమాని ఆఫీసులో చార్టు స్థానంలో సాఫ్ట్‌వేర్ పెట్టడం, 'బాస్' అనే పేరుతో సాధ్యమైంది. 2013 జూన్‌లో ఇబిబో గ్రూపు రెడ్‌బస్‌ని కొన్నది. ధర వాళ్ళు ప్రకటించలేదు, పత్రికలు మాత్రం 800 కోట్ల రూపాయల దరిదాపుల్లో అని రాశాయి. 2018లో తెలంగాణ ప్రభుత్వం ఫణీంద్రని చీఫ్ ఇన్నొవేషన్ ఆఫీసర్‌గా నియమించింది.

ఈ రెండు కథల్నీ పక్కపక్కన పెట్టి చూడండి. కువైట్‌లో ఆకలి, బెంగుళూరులో పండగ ప్రయాణం. రెండు చోట్లా సరుకు ముందే ఉంది, కొనేవాడూ ముందే ఉన్నాడు. మధ్యలో ఉన్నది చీకటి. ఎక్కడ ఏముందో ఎవరికీ పూర్తిగా తెలియదు. అలా తెలియకపోవడం మీద పాత ఏజెంటు బతికాడు, "రెండు వందలు ఎక్కువిస్తే" అన్నవాడు. కొత్తగా వచ్చినవాళ్ళు అక్కడ దీపం పెట్టి, ఆ వెలుగుకి కమిషన్ తీసుకున్నారు.

అంతకుముందు మాత్రం ఎవరూ ఎందుకు చేయలేదు? చేయాలంటే ఏం కావాలో లెక్కవేయండి. ఊళ్ళో ఉన్న అన్ని రెస్టారెంట్ల మెనూలూ ఒక చోట పెట్టి ఆర్డర్లు తీసుకోవాలంటే పెద్ద ఆఫీసు, యాభై ఫోన్లు, మూడు షిఫ్టుల మనుషులు. దుకాణం పెట్టాలంటే మంచి సెంటరులో అద్దె, అద్దెకి ముందు గుడ్‌విల్. ఇంటర్నెట్ ఈ ఖర్చుని కోసేసింది. వెబ్‌సైటు నడపడానికి కావలసిన సాఫ్ట్‌వేర్, అంటే లినక్స్, అపాచీ, మైఎస్‌క్యూఎల్, పీహెచ్‌పీ లాంటివి, 1990ల చివరికే ఉచితంగా దొరికేవి. సర్వర్ నెలకింత అని అద్దెకి దొరికేది. ఒక ఫోన్ లైనులో ఒకసారి ఒక్కడే మాట్లాడగలడు, ఒక వెబ్ పేజీని వెయ్యిమంది ఒకేసారి చూడగలరు. తాతల ఆస్తి లేని ముగ్గురు ఉద్యోగస్తులు వ్యాపారంలోకి రాగలిగింది ఆ సందులోంచే.

అయితే ఇంటర్నెట్ తీర్చని సమస్య ఒకటి మిగిలింది. చెట్టు ముందా విత్తు ముందా అన్న సమస్య. రెస్టారెంట్లు లేని సైటుకి జనం రారు, జనం రాని సైటులో రెస్టారెంట్లు చేరవు. దీనికి కంప్యూటర్ దగ్గర మందు లేదు. తలుపు తలుపుకీ తిరిగి, బతిమాలి, నమ్మకం కుదిర్చి, మొదటి కొద్దిమందిని చేర్చుకోవాలి. డబ్బు చెల్లింపూ అంతే. అప్పట్లో ఇంటర్నెట్‌లో కార్డు నంబరు కొట్టడమంటే జనానికి భయం. కువైట్‌లో మన చేతుల్లో కె-నెట్ కార్డులు ఉన్నా, గుమ్మం దగ్గర దీనార్లు లెక్కపెట్టి ఇవ్వడమే మనకి ధైర్యంగా ఉండేది.

ఇప్పుడు మనలాంటి బయటి దేశాలవాళ్ళకి దగ్గరైన ఇంకో కోవ గురించి చెప్పాలి. మన దేశంలో ఇంటర్నెట్‌తో వచ్చిన మొదటి అవకాశం దేశంలో ఉన్నవాళ్ళని నమ్ముకున్నది కాదు, బయట ఉన్న మనల్ని నమ్ముకున్నది. రాజేశ్ జైన్ అనే ఆయన ముంబయి నుంచి 'ఇండియావరల్డ్' మొదలుపెట్టింది 1995 మార్చిలో. వి.ఎస్.ఎన్.ఎల్. జనానికి ఇంటర్నెట్ ఇచ్చింది ఆగస్టులో అని ఇందాక చెప్పాను. అంటే దేశంలో సామాన్యుడికి ఇంటర్నెట్ రాకముందే దేశం కబుర్ల కోసం ఒక సైటు వచ్చింది. చదివేవాళ్ళు అమెరికాలో, ఇంకా ఇతర దేశాల్లో ఉన్నారు. వార్తలకి 'సమాచార్', వంటలకి 'బావర్చి', క్రికెట్‌కి 'ఖేల్', వెతకడానికి 'ఖోజ్'. ఇంటికి దూరంగా ఉన్నవాడికి ఏం గుర్తొస్తుందో అదే సరుకు. 1999 నవంబరులో సత్యం ఇన్ఫోవే ఆ సైట్లని 499 కోట్ల రూపాయలకి కొన్నది. హైదరాబాదు సత్యం కంప్యూటర్స్ వాళ్ళ సంస్థే అది, తరవాత సిఫీ అయింది. అంతకు ముందు నెలలోనే అమెరికాలో నాస్‌డాక్‌లో నమోదైంది. భారతదేశపు ఇంటర్నెట్ కంపెనీల్లో అక్కడికి చేరిన మొదటిది అదే.

ఆ 499 కోట్లు అప్పట్లో ఎంతమంది బుర్రలు చెడగొట్టాయో లెక్కలేదు. ప్రతివాడూ ఒక డాట్‌కామ్ పెట్టేశాడు. 2000 మార్చి తరవాత అమెరికా మార్కెట్ కుప్పకూలింది, వాటితోపాటు చాలావరకు తుడిచిపెట్టుకుపోయాయి. సిఫీ మాత్రం నిలిచింది. 2005లో సత్యం తన వాటాని రాజు వేగేశ్న అనే తెలుగు పారిశ్రామికవేత్తకి అమ్మేసింది. ఆయన అమెరికాలో సర్వర్‌వర్క్స్ అనే కంపెనీ పెట్టి అమ్మిన మనిషి. 2009 జనవరిలో సత్యం గుట్టు బయటపడి అల్లకల్లోలమయ్యేనాటికి సిఫీ ఆ గొడుగు కింద లేదు. అన్నట్టు, కువైట్‌వాళ్ళకి ఇలాంటి పిచ్చి కొత్త కాదు. ముందు తేదీలు వేసిన చెక్కులతో నడిచిన సూక్ అల్ మనాఖ్ షేర్ల బజారు 1982లోనే మునిగింది. సఖ్ర్ పుట్టిన ఏడాదే అది మునగడం తమాషా.

బయట ఉన్నవాళ్ళ కోసం ఊళ్ళో దుకాణం నడపడం అనే పద్ధతి మాత్రం డాట్‌కామ్ మోజుతో పోలేదు. 'యూఎస్ టు గుంటూరు' అని ఒక కానుకల సైటు ఉంది, మీలో చాలామంది వాడే ఉంటారు. పేరులోనే వ్యాపారమంతా ఉంది. పరదేశంలో కొడుకు, గుంటూరులో అమ్మ, మధ్యలో ఒక కేకు. డబ్బు ఇచ్చేవాడు ఒక దేశంలో, తీసుకునేవాళ్ళు ఇంకో దేశంలో. దుకాణం మాత్రం అమ్మ ఉన్న ఊళ్ళోనే ఉండాలి, ఎందుకంటే కేకు ఇంటర్నెట్‌లో రాదు. 1999లో జీవి గారు హైదరాబాదులో మొదలుపెట్టిన 'ఐడిల్‌బ్రెయిన్' కూడా ఇదే కోవ. సినిమా ఎలా ఉందో తెలుసుకోవాలన్న ఆత్రం ఊళ్ళో ఉన్నవాడికన్నా సముద్రం అవతల ఉన్నవాడికే ఎక్కువ. కువైట్‌లో ఉన్నవాడికైతే శుక్రవారమే సెలవు, విడుదలా ఆ రోజే. ఇక చెప్పేదేముంది.

ఇదంతా విని, "అయితే మనమూ మొదలుపెడదాం" అనేముందు రెండు సంగతులు వినండి. మొదటిది, అప్పటికీ ఇప్పటికీ ఖర్చు తిరగబడింది. 2004లో సైటు చేయడం కష్టం, చేశాక జనం దృష్టిలో పడటం తేలిక, ఎందుకంటే పక్కన ఇంకెవరూ లేరు. ఇప్పుడు యాప్ చేయించడం తేలిక. అది ఉందని పదిమందికి తెలియజేయడానికే డబ్బంతా పోతుంది. ఫోన్ల దుకాణంలో లక్షల యాప్‌ల మధ్య మనదొకటి. తొలి రోజుల్లో తలుపు తెరుచుకున్నది ఇంటర్నెట్ ఉండటం వల్లనే కాదు, అందులో జనం తక్కువ కావడం వల్ల కూడా. కాబట్టి జీవితకాలం దాచిన డబ్బుని యాప్ తయారుచేసే కంపెనీ చేతిలో పెట్టేముందు, ఆ యాప్ చేసే పనిని రెండు నెలలు ఒక నోటుపుస్తకం, ఒక ఫోన్‌తో చేసి చూడమంటాను నేను. రెడ్‌బస్ వాళ్ళు అరువు సీట్లతో చేసింది దాదాపు అదే. నోటుపుస్తకంలో పది ఆర్డర్లు రానిది యాప్‌లో పదివేలు రావు.

రెండోది చట్టం. ఇది చెప్పకపోతే తప్పవుతుంది. ఈ దేశంలో ఇంటర్నెట్ తెరిచిన తలుపు మీద వీసా నంబరు రాసి ఉంది. కువైట్ వాణిజ్య చట్టం, 1980లో వచ్చిన 68వ నంబరు చట్టం, మామూలుగా కువైటీ భాగస్వామికి కనీసం 51 శాతం వాటా ఉండాలంటుంది. 2013లో వచ్చిన పెట్టుబడుల చట్టం కింద నూరు శాతం వాటాకి వీలుంది గానీ, దాని ప్రక్రియ పెద్ద పెట్టుబడులకి తగ్గట్టు ఉంటుంది, మన ఇండెమ్నిటీకి తగ్గట్టు కాదు. మనలో ఎక్కువమందిమి ఆర్టికల్ 18 వీసా మీద ఉన్నాం. ఈ వీసా ఉన్నవాళ్ళు కంపెనీల్లో కొత్తగా భాగస్వాములు కావడాన్ని 2024లో వాణిజ్య శాఖ ఆపింది. ఇలాంటి ఆదేశాలు మారుతూంటాయి, కాబట్టి అడుగు వేసేనాటికి ఏది అమల్లో ఉందో అక్కడే కనుక్కోవాలి. "లైసెన్సు కఫీల్ పేరు మీద, వ్యాపారం నాది" అని మాట మీద నడిపేవాళ్ళు ఉన్నారు. మాట బాగున్నన్నాళ్ళూ బాగానే ఉంటుంది. చెడ్డనాడు కాగితం ఎవరి పేరున ఉంటే వ్యాపారం వాళ్ళది. ఆర్టికల్ 22 మీద ఉన్న ఇల్లాళ్ళు ఆవకాయ పెట్టి, అరిసెలు చేసి అమ్ముకోవడం గురించి కూడా అడుగుతున్నారు. ఆ వీసాకి పని చేసే హక్కు లేదు, ఆహారం అమ్మడానికి లైసెన్సు కావాలి. చేతి రుచి ఎంత గొప్పదైనా తనిఖీ అధికారికి అది లెక్కలోకి రాదు.

ఈ దేశంలో తొలి ఇంటర్నెట్ యజమానులు కువైటీలే ఎందుకయ్యారో ఇప్పుడు అర్థమైందనుకుంటాను. తెలివి వాళ్ళకే ఉందని కాదు. కోడు రాసినవాళ్ళలో, వంట వండినవాళ్ళలో, యాభై డిగ్రీల ఎండలో డబ్బా మోసినవాళ్ళలో మన దేశం వాళ్ళు ఎంతోమంది. ఆ బండి నడిపే కుర్రాడికి కూడా ఇది అవకాశమే అంటారు కొందరు. ఉద్యోగం దొరికింది, నిజమే. కానీ కమిషన్ తీసుకునేవాడి అవకాశాన్నీ, ట్రిప్పుకింత అని తీసుకునేవాడి అవకాశాన్నీ ఒకే మాటతో పిలవడానికి నాకు మనసొప్పదు.

మనకి చట్టబద్ధంగా తెరిచి ఉన్న దారి ఊరివైపుది. కువైట్‌లో ఉంటూ స్వదేశంలో వ్యాపారం పెట్టడానికి ఎన్నారైలకి ఫెమా చట్టం అవకాశమిస్తోంది. సొంత సంస్థలోగానీ భాగస్వామ్యంలోగానీ డబ్బు పెట్టొచ్చు, పెట్టిన అసలు మళ్ళీ విదేశానికి తీసుకెళ్ళబోమన్న షరతు మీద. వ్యవసాయం, తోటలు, స్థిరాస్తి వ్యాపారం, పత్రికలు అందులోకి రావు. 2021 ఏప్రిల్ నుంచి ఒకే మనిషితో నడిచే కంపెనీ, అంటే వన్ పర్సన్ కంపెనీ, ఎన్నారైలు కూడా పెట్టొచ్చు. ఏ కంపెనీకైనా ఒక డైరెక్టరు ఏడాదిలో కనీసం 182 రోజులు భారతదేశంలో ఉండేవాడై ఉండాలి. కాబట్టి ఊళ్ళో నమ్మకమైన తమ్ముడో, బావమరిదో ఎవరన్నది ముందే ఇంట్లో కూర్చుని మాట్లాడుకోండి, ఎవరి వాటా ఎంతో కాగితం మీద పెట్టుకోండి. ఇక్కడ మీ ఉద్యోగ ఒప్పందంలో వేరే వ్యాపారం చేయకూడదన్న షరతు ఉందేమో, అరబ్బీ ప్రతిలో ఏముందో కూడా చదివించుకోండి. తగాదా వస్తే లెక్కలోకి వచ్చేది ఆ ప్రతే.